'నౌసికా' పక్కన టాప్‌క్రాఫ్ట్ పేరు కూడా వేయండి

సంపాదకులకు నమస్కారం.

గత ఆదివారం మీ పిల్లల పేజీలో జపాన్ యానిమేషన్ చిత్రాల మీద వచ్చిన వ్యాసాన్ని మా అమ్మాయి నాకు చదివి వినిపించింది. నేను వంటింట్లో పని చేసుకుంటూ వింటున్నాను. స్టూడియో గిబ్లి తీసిన తొలి చిత్రం 1984 నాటి 'నౌసికా' అన్న మాట రాగానే పని ఆపి, ఆ వాక్యం మళ్లీ చదవమన్నాను. సరిగ్గా అలాగే ఉంది.

'నౌసికా' జపాన్‌లో విడుదలైంది 1984 మార్చి 11న. గిబ్లి పుట్టింది 1985 జూన్‌లో. గిబ్లి పేరుతో తయారైన మొదటి చిత్రం 1986 ఆగస్టులో వచ్చిన 'లాప్యుటా'. గిబ్లి వారు అమ్మే డీవీడీల వరుసలో 'నౌసికా' కూడా ఉంటుంది కాబట్టి ఈ పొరపాటు ఎవరికైనా జరుగుతుంది. మీ వ్యాసకర్తను తప్పుపట్టడం నా ఉద్దేశం కాదు. కానీ ఆ చిత్రం తయారైన చోటుకు ఒక పేరుంది. అది టాప్‌క్రాఫ్ట్. ఆ పేరు కోసమే ఈ ఉత్తరం.

జపాన్‌లోని తోయెయ్ యానిమేషన్ స్టూడియోలో పనిచేసిన తోరు హారా 1972లో టోక్యోలో టాప్‌క్రాఫ్ట్‌ను ప్రారంభించారు. దాని బతుకంతా చాలావరకు అమెరికా పని మీదే సాగింది. న్యూయార్క్‌లోని ర్యాంకిన్-బాస్ సంస్థ కథ రాయించి, గొంతులు రికార్డు చేయించి పంపితే, బొమ్మలు గీసి, రంగులు వేసి, ఫిల్మ్‌కెక్కించే పని టోక్యోలో జరిగేది. 1977 నవంబరులో అమెరికా టీవీలో వచ్చిన 'హాబిట్', 1980 నాటి 'రిటర్న్ ఆఫ్ ద కింగ్', 1982లో 'ద లాస్ట్ యూనికార్న్', 'ఫ్లైట్ ఆఫ్ డ్రాగన్స్', వీటికి ముందు కొన్ని క్రిస్మస్ కథలు, ఇవన్నీ వాళ్ల చేతి పనే. అక్కడి పిల్లలు వాటిని అమెరికా బొమ్మలుగానే చూస్తూ పెరిగారు.

'లాస్ట్ యూనికార్న్' చివర్లో సముద్రంలో బందీలైన యూనికార్న్‌లన్నీ (ఒంటికొమ్ము గుర్రాలు) అలల మీద ఒడ్డుకు దూసుకొచ్చే ఘట్టం ఒకటుంది. నురుగు ఎక్కడ ముగిసిందో, జూలు ఎక్కడ మొదలైందో పోల్చుకోలేం. నేను దాన్ని ఎన్నోసార్లు ఆపి ఆపి చూశాను. చేయి తిరిగినవాళ్లు ఓపికగా కూర్చుంటే తప్ప అలాంటిది రాదు.

ఇంత పట్టింపు నాకెందుకో చెప్పాలి. 1999 నుంచి ఏడేళ్లపాటు హైదరాబాద్‌లో ఒక యానిమేషన్ సంస్థలో ఇన్‌బిట్వీన్లు గీశాను. అమెరికా టీవీ సీరియళ్ల పని వచ్చేది. గుర్రం తల తిప్పాలంటే మొదటి బొమ్మా చివరి బొమ్మా మాకు ఇస్తారు. నడుమ బొమ్మలు మావి. కింద లైటు వెలిగే అద్దం మీద కాగితాలను అవి జరగకుండా పట్టి ఉంచే పెగ్ బార్‌కు తగిలించి, ఎడమచేతి వేళ్ల సందుల్లో ఇరికించుకుని, తిప్పి తిప్పి చూస్తూ గీయాలి. కనురెప్ప గీత వెంట్రుకవాసి జరిగినా తెర మీద కన్ను వణుకుతుంది. మా సూపర్‌వైజరు దాన్ని ఇట్టే పట్టేసి కాగితం వెనక్కి ఇచ్చేవారు. నా మధ్యవేలికి కాసిన కాయ ఇప్పటికీ పూర్తిగా పోలేదు. మేము గీసిన సీరియల్ టీవీలో మొదటిసారి వచ్చిన రోజు అమ్మానాన్నలను కూర్చోబెట్టుకుని చివరిదాకా చూశాను. పేర్లు పైకి వెళ్లిపోయాయి. అందులో మావి లేవు. "మరి నీ పేరేదమ్మా?" అని నాన్న అడిగారు.

అందుకే టాప్‌క్రాఫ్ట్ పేరు రాలిపోతే నాకు ఊరుకోబుద్ధి కాదు.

దర్శకుడు హయావో మియజాకి తన 'నౌసికా' బొమ్మల కథను సినిమాగా తీయాలనుకున్నప్పుడు ఆయనకు సొంత స్టూడియో లేదు. నిర్మాతగా ఉన్న తకహాతా, మియజాకి ఇద్దరూ హారాలాగే తోయెయ్ నుంచి వచ్చినవారు. అలా పని టాప్‌క్రాఫ్ట్‌కు చేరింది. నిజానికి కీలకమైన బొమ్మలు గీసినవారిలో చాలామందిని బయటి నుంచి పిలిపించారు. కరిగిపోతూ నిప్పులు కక్కే మహాయోధుడి ఘట్టాన్ని గీసింది అప్పటికి ఇరవైల్లో ఉన్న హిదెయాకి అన్నో. అయినా ఆ చిత్రం రూపుకట్టిన కప్పు టాప్‌క్రాఫ్ట్‌దే.

అందులో ఓము అనే భారీ పురుగు పాకే తీరును ఈసారి మీ పాఠకులు గమనించాలి. దాని ఒంటి మీది పెంకులను వేర్వేరు ముక్కలుగా చిత్రించి, రబ్బరుతో ఒకదానికొకటి జతచేసి, ఆ రబ్బరును కొద్దికొద్దిగా లాగుతూ ఒక్కో ఫ్రేమునూ ఫొటో తీశారు. అందుకే ఆ పెంకులు ఒకదాని కిందికొకటి జారుతూ, బరువున్న ప్రాణి కదిలినట్టే కనిపిస్తాయి. కంప్యూటర్ సాయం లేని రోజుల్లో ఎవరికో తట్టిన ఆలోచన అది. తలచుకుంటే నాకు ఒళ్లు పులకరిస్తుంది.

'నౌసికా' వచ్చిన మరుసటి ఏడాది టాప్‌క్రాఫ్ట్ మూతపడింది. హారాతోపాటు కొందరు కొత్తగా ఏర్పడిన గిబ్లిలోకి వెళ్లారు. మరికొందరు పసిఫిక్ యానిమేషన్ కార్పొరేషన్ పేరుతో విడిగా నిలబడి, ర్యాంకిన్-బాస్ కోసం 'థండర్‌క్యాట్స్' గీశారు. ఆ సంస్థను తర్వాత డిస్నీ కొనుక్కుని తన జపాన్ స్టూడియోగా మార్చుకుంది. 2004లో అదీ మూతపడింది.

వచ్చే ఆదివారం పిల్లల పేజీలో చిన్న సవరణ వేయమని కోరుతున్నాను. "నౌసికా, 1984. దర్శకత్వం: హయావో మియజాకి. తయారీ: టాప్‌క్రాఫ్ట్, టోక్యో" అని వేస్తే చాలు. మా అమ్మాయి ఆ పేజీలను కత్తిరించి పుస్తకంలో అంటించుకుంటుంది. ఈ వ్యాసం పక్కన సవరణ కోసం కాస్త చోటు వదిలిపెట్టింది.

ఇట్లు,
ఒక పాఠకురాలు,
సికింద్రాబాద్