రేవులో కింది మెట్టు

నరసాపురం

చి. బుజ్జికి అమ్మ ఆశీస్సులు.

దివాన్ హత్య కూపీ లాగే రాణీగారి మీద నువ్వు రాసిన కథ చిత్తు అందింది, చదివాను. బాగుందన్న మాట మీ పెద్దమ్మ ఎలాగూ ఫోన్లో చెప్తుంది. నేను తప్పులే రాస్తాను.

ముందు గన్నేరు కలిపిన ఆ పాయసం తీసెయ్. దివాన్‌గారు విస్తరి ముందే కుప్పకూలడం రక్తి కడుతుంది గానీ రెండు చోట్ల చెడింది. గన్నేరు గుండెని పట్టే విషం. వాంతులు, నాడి మందగించడం, లయ తప్పడం, ఇదంతా గంటల మీద నడిచే వ్యవహారం. చేదు సంగతి సరేసరి. అంతకంటే పెద్దది రెండోది: 1926లో నియోగి దివాన్ రాజుల ఇంటి వంటశాల పాయసం ముడతాడా? ఆయనకి మడి కట్టుకునే వంటవాడు వేరు, పొయ్యి వేరు. అనుమానమంతా ఆ ఒక్క వంటవాడి మీదే పడి కథ మూడో అధ్యాయానికే చాప చుట్టేస్తుంది. ఆయన్ని రేవు మెట్ల మీద తలకి దెబ్బ తగిలి పడిపోనివ్వు. తెల్లారి, పాటుకి నీళ్ళు తీసిన బురదలో కనబడాలి. ఈ తరహా కథల్లో నెత్తురు కనబడకూడదు, పోయినాయన మీద చదివేవాళ్ళకి మరీ ప్రేమా ఉండకూడదు.

ఇక రాణి. అర్ధరాత్రి లాంతరు పట్టించుకుని రేవుకి నడిచొచ్చేసింది. ఘోషా ఇంటి ఆడది, అందులో భర్త పోయిన మనిషి, మేనా తెర దించకుండా గడప దాటుతుందా? నువ్వది అడ్డమనుకుని ఆవిణ్ణి దాటించేశావు. కథంతా ఆ అడ్డంలోనే ఉందమ్మా. ఎస్.జె. బెన్నెట్ 2020లో 'ది విండ్సర్ నాట్'తో మొదలుపెట్టిన కథల్లో ఎలిజబెత్ రాణిదీ ఇదే ఇబ్బంది, ఎటు కదిలినా వెనక పదిమంది. అందుకని ఆలోచన ఆవిడది, తిరుగుడంతా సహాయ కార్యదర్శి రోజీది. చివరికి పేరు కూడా పక్కవాళ్ళకే వదిలేస్తుంది. రీస్ బోవెన్ కథల్లో జార్జీ అనే రాచకుటుంబపు అమ్మాయిది ఇంకో దారి: సింహాసనానికి 34వ వరస, చేతిలో కాసు లేదు, కాబట్టి ఎక్కడికైనా పోగలదు. మన రాణికి ఆ దారి లేదు. దాసి ఒకామె, చాకలి ఒకామె ఉంటే చాలు. ఏ పంచె అంచుకి రేవు బురద అంటిందో పోలీసులకంటే ముందు మూట విప్పిన చాకలికే తెలుస్తుంది. ఇంకోటి, రాణి ఎదుట ఎవరూ నిజం చెప్పరు, "చిత్తం" అంటారు. ఆవిడ ఆ చిత్తాల్ని నమ్మదు, ఎవరి చిత్తం ఎక్కడ తడబడిందో గుర్తుపెట్టుకుంటుంది.

మరి ఆవిడ కంటికి స్వయంగా కనబడేదేమిటి? మేడ కిటికీలోంచి రేవు. దాన్ని వాడుకో.

రేవుకి ఇనప కడియాలు రెండు పెట్టు, పై మెట్టుకొకటి, కింది మెట్టుకొకటి. హత్య జరిగిన రాత్రి పోటు నిండేది తొమ్మిదికి అనుకో (పల్లెకారుల్ని అడిగి సరిచేసుకోవాలి). ఎనిమిదింటికే కింది మెట్టు మునిగిపోతుంది, పడవ కట్టేవాడు పై కడియానికే కడతాడు. పోటుకీ పోటుకీ మధ్య సుమారు పన్నెండు గంటల ఇరవై అయిదు నిమిషాలు. అంటే పాటు అడుగంటేది మూడు దాటాక, మళ్ళీ నిండేది పొద్దున్న తొమ్మిదిన్నరకి. పడవ నడిపే సరంగేమో "రాత్రి ఎనిమిదింటికి కట్టానండి, తెల్లారేదాకా విప్పలేదు" అంటాడు. పొద్దున్న ఎనిమిదప్పుడు రాణి కిటికీ దగ్గరికొస్తే పై కడియం ఖాళీ. పడవ తాడు నిటారుగా నీళ్ళలోకి దిగి కనబడకుండా పోయింది. ముడి కింది మెట్టు దగ్గరుంది. నీళ్ళలో మునిగిన కడియానికి ఎవడూ ముడి వెయ్యడు. ఆ మెట్టు బయటపడ్డ వేళ, మూడు గంటలకి అటూ ఇటూగా, పడవ ఎక్కణ్ణించో తిరిగొచ్చింది.

ఇది నిలబడాలంటే తిథి చూసుకోవాలి. అష్టమి నవముల్లో పోటు మెత్తన, మెట్టు మునగకపోవచ్చు. పున్నమికి జోరుగా వస్తుంది గానీ వెన్నెల్లో పడవ ఊరందరి కంటా పడుతుంది. అమావాస్య అయితే పోటూ ఉంటుంది, చీకటీ ఉంటుంది. వరద రోజులు అసలొద్దు, ఎర్రనీళ్ళు తోసుకొస్తుంటే పోటుకీ పాటుకీ తేడా ఆనదు. నీ మే నెల బాగుంది. కానీ ఆ నెల్లో కలెక్టర్ని కాలవ మీద లాంచీలో తెప్పించావు! మరమ్మతులకి కాలవలు కట్టేసే రోజులవి, మోటారులో రప్పించు. అదీ ఏలూరు నించి. 1925లో పశ్చిమ గోదావరి జిల్లా పుట్టింది, నరసాపురం అందులోది. అవతలి గట్టు సఖినేటిపల్లి అప్పట్లో తూర్పు గోదావరి. ఒక్క సాక్షి మాట ఏరు దాటాలంటే పోలీసుల కాగితం కాకినాడ మీంచి తిరిగి రావాలి. చాకలికి పడవ కేవు ఉంటే చాలు.

అమావాస్య అన్నాక పెళ్ళి విందు కుదరదు. కలెక్టరుకిచ్చే విందు చెయ్యి. దొరకి తిథి పట్టింపు లేదు, పురోహితుడు సణుగుతాడు. ఆ సణుగుడు వృథా పోనివ్వకు. "అమావాస్య వెళ్ళాక కూడా దివాన్‌గారు నాతో మాట్లాడారు" అంటాడాయన. మద్రాసు నించొచ్చిన ఇన్‌స్పెక్టరు అర్ధరాత్రి దాటాక అని రాసుకుంటాడు. అర్ధరాత్రికి అవతలి గట్టున పదిమంది కళ్ళబడ్డ రాజావారి దాయాది ఆ ఒక్క ముక్కతో అనుమానంలోంచి బయటపడతాడు. రాణి పంచాంగం తెప్పిస్తుంది. అమావాస్య తిథి 35 ఘడియల దాకా. ఘడియకి 24 నిమిషాలు, లెక్క సూర్యోదయం నించి. అయిదున్నరకి పొద్దు పొడిస్తే 35 ఘడియలంటే పద్నాలుగు గంటలు, అంటే రాత్రి ఏడున్నర. పురోహితుడి తరవాత దివాన్‌ని చూసినవాళ్ళు లేరు.

చంపిన కారణం కూడా మార్చాలి. 1899లో పిఠాపురం కేసులో లండన్‌లోని పై కోర్టు ప్రివీ కౌన్సిల్, పంచడానికి వీల్లేని ఎస్టేటుని వీలునామాతో రాసివ్వొచ్చంది, నువ్వు దాన్ని పట్టుకున్నావు. 1904లో మద్రాసు అవిభాజ్య ఎస్టేట్ల చట్టం వచ్చాక, దాని షెడ్యూల్లో ఉన్న ఎస్టేటుని తన తదనంతరానికి అలా రాసిచ్చే వీలు పోయింది. దత్తత పెట్టు. రాణి పిల్లాణ్ణి పెంచుకోవాలంటే భర్త అనుమతి ఉండాలి, లేదా సపిండుల, అంటే భర్త వైపు దగ్గరి జ్ఞాతుల, సమ్మతి కావాలి. ఆ సపిండుడే మన దాయాది, చస్తే ఒప్పుకోడు. రాజావారి అనుమతి కాగితం దివాన్ పెట్టెలో ఉంది. అది మాయమైతే ఎస్టేటు ఎవరిదో చెప్పక్కర్లేదు. అది దొంగ కాగితమని పుకారు లేపితే రాణి మీదా అనుమానం పడుతుంది, పడాలి కూడా.

అనుమానితులు పదకొండుమంది ఎక్కువ, ఆరుగురిని ఉంచు. అనుమానపు చావుల మీద విచారణ జరిపే కరోనర్ మన జిల్లాల్లో లేడు, అప్పటి క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 174వ సెక్షన్ కింద ఊరివాళ్ళు ఇద్దరు ముగ్గురి ఎదుట పోలీసు పంచనామా. అందులో శవం, చెప్పులు, లాంతరు, పడవ అన్నీ ఎక్కుతాయి. తాడు ఏ కడియానికుందో కూడా ఎవడో ఓపిగ్గా రాస్తాడు, ఎవడూ పట్టించుకోడు. రెండో అధ్యాయంలోనే, పాటు వేళ పిల్లలు కింది మెట్టు మీంచి బురదలోకి దూకే ముక్క ఒకటి ఊరికే పడెయ్.

హాల్లో అందర్నీ కూర్చోబెట్టి వేలు చూపించే సభ ఈవిడకి కుదరదు. కలెక్టరు భార్య రాణీవాసంలోకి రాగలదు కదా. ఆవిడకి పనసతొనలు పెట్టి, మాటల మధ్యలో అడగాలి: "పంచనామాలో పడవ సంగతి రాసిన చోటు ఒకసారి చదివి చెప్పమంటారా మీ వారిని?"

ఇట్లు,
అమ్మ