కేంద్ర విద్యుత్ శాఖ మంత్రి గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన మంత్రి గారికి నమస్కారం.

దేశ స్థాపిత విద్యుత్ సామర్థ్యంలో, అంటే ఉన్న కేంద్రాలన్నీ పూర్తిగా నడిస్తే ఇవ్వగల కరెంటులో, సగం శిలాజేతర (బొగ్గు, గ్యాస్, చమురు కాని) వనరుల నుంచే ఉండాలన్న 2030 లక్ష్యాన్ని 2025లోనే అందుకోవడం గర్వకారణమే అయినా, వాడే కరెంటులో అధిక భాగం ఇప్పటికీ బొగ్గుదే.

గోదావరిఖనిలో మా డాబా మీది సోలార్ పలకలు మధ్యాహ్నం మిగులు కరెంటు ఇస్తాయి. పొద్దుగూకి వీధంతా లైట్లు, ఫ్యాన్లు వేసుకునే వేళకు అవి ఆగిపోతాయి, రామగుండం బొగ్గు విద్యుత్ కేంద్రం పొగగొట్టాలే ఆదుకుంటాయి. కాబట్టి పలకల లెక్కకన్నా నిల్వ లెక్క ముఖ్యం. నంద్యాల జిల్లా పిన్నాపురంలో చేపట్టినట్లు, పగటి మిగులు కరెంటుతో నీటిని ఎగువ జలాశయానికి ఎత్తిపోసి, సాయంత్రం టర్బైన్ల మీదుగా కిందికి వదిలే పథకాలకూ, సబ్‌స్టేషన్ల దగ్గర బ్యాటరీలకూ ముందుగా నిధులివ్వండి.

ఇంకొక్క విన్నపం. మా ఊరి బొగ్గు గని మూతపడ్డాక కాదు, నడుస్తుండగానే మా కార్మికుల పిల్లలకు ఈ కొత్త పనుల్లో శిక్షణ ఇప్పించండి.

భవదీయుడు,
గోదావరిఖని వాసి