వాల్ మేరీ ట్రాక్టర్ పెద్దాయనకు కృతజ్ఞతలు

గత జూన్‌లో అమ్మతో కలిసి కెనడాలోని సస్కాచెవాన్ దక్షిణ కొసన ఉన్న గ్రాస్‌ల్యాండ్స్ జాతీయ ఉద్యానం చూడటానికి వెళ్లాను. స్విఫ్ట్ కరెంట్ నుంచి 4వ నంబరు రహదారి మీద సుమారు 120 కిలోమీటర్లు దక్షిణానికి వెళితే వాల్ మేరీ అనే ఊరు. ఆ ఊరి చుట్టూ ఉన్న గ్రామీణ మునిసిపాలిటీలో మైళ్ల తరబడి గడ్డి, ఆకాశం, అక్కడక్కడా ఒక ఇల్లు. వాన వెలిసిన మట్టిదారిలో మా కారు దిగబడింది. ఫోనుకు సిగ్నల్ లేదు. గుంటూరు నల్లరేగడిలో పెరిగిన అమ్మ చూసి, "ఇక కదలదు" అంది.

గంట తర్వాత ఒక పెద్దాయన ట్రాక్టర్‌తో వచ్చి, గొలుసు కట్టి కారును బయటికి లాగారు. అంతటితో వెళ్లిపోవచ్చు. వెళ్లలేదు. చలికి వణుకుతున్న అమ్మ భుజాల మీద తన కోటు కప్పారు, ఫ్లాస్కులోని కాఫీ పోసి ఇచ్చారు. ఆ తర్వాత బురదలోనే మోకాళ్ల మీద కూర్చుని, చక్రాల చుట్టూ కూరుకుపోయిన బంకమట్టిని పుల్లతో ఓపికగా గీకి తీశారు. గట్టిదారి వచ్చేదాకా మా ముందే నడిపిస్తూ, ప్రతి మలుపులోనూ ఆగి వెనక్కి చూశారు. డబ్బు ఇవ్వబోతే తల అడ్డంగా ఊపి, అమ్మ చేయి మెత్తగా నొక్కారు.

అయ్యా, మీ కోటు మా దగ్గరే ఉండిపోయింది. అమ్మ ఉతికి, మడిచి పెట్టింది. వచ్చే వేసవిలో తెచ్చిస్తాం.