మీ చెల్లికి ఇంకా చెప్పలేదు

పర్లాకిమిడి,
శుక్రవారం రాత్రి

బావా,

ఫోన్‌లో చెబితే ఇంట్లో వినబడుతుందని ఉత్తరం రాస్తున్నాను. మీ చెల్లికి తెలియకుండా జామీను ఉన్నాను. అదీ దొంగతనం కేసులో! తిట్టేముందు పూర్తిగా చదువు.

మా వీధిలో మోటార్లకి వైండింగ్ కట్టే షాపుంది కదా, అందులో పనిచేసే గుంటడు. పంతొమ్మిదేళ్లుంటాయి, పాతపట్నం వాడు. రాగి తీగ చుట్టలు పోయాయని యజమాని కేసు పెట్టాడు. మామూలు దొంగతనమైతే మూడేళ్ల లోపు శిక్షట. పనివాడు యజమాని సొత్తు తీస్తే మాత్రం కొత్త నేర చట్టం భారతీయ న్యాయ సంహిత 306వ సెక్షన్ కింద ఏడేళ్ల దాకా పడొచ్చు. తీశాడా అంటావా? అది కోర్టు చూసుకుంటుంది. నేను పూచీ పడింది వాడు వాయిదాకి వస్తాడని, అంతే.

బెయిలైతే వచ్చింది. ఇరవై వేల బాండు, అంతకే స్థానికుడొకరి జామీను. ప్రతి ఆదివారం స్టేషన్లో సంతకం పెట్టాలి, సాక్షుల జోలికి పోకూడదు, అనుమతి లేకుండా రాష్ట్రం దాటకూడదు. వాళ్లమ్మకి అరెకరం ఉంది. ఉన్నది పాతపట్నంలో! సైకిలు మీద వెళ్లొచ్చే దూరమే, కానీ 1936లో గీసిన ఒడిశా సరిహద్దు గీతకి అవతల, ఆంధ్రాలో ఉంది. దాంతో ఆర్డరు చేతికొచ్చాక కూడా వారం రోజులు గుంటడు జైల్లోనే ఉండిపోయాడు.

వకీలుగారు మోతీరామ్ కేసు చెప్పారు. 1978 నాటిది. మధ్యప్రదేశ్‌లో ఒక తాపీ మేస్త్రీకి బెయిలొస్తే, అన్నదమ్ముడి ఆస్తి వేరే జిల్లాలో ఉందని జామీను ఒప్పుకోలేదట. అప్పుడు జస్టిస్ కృష్ణయ్యర్, ఆంధ్రావాడు బస్తర్‌లోనో పోర్ట్ బ్లెయిర్‌లోనో దొంగతనం కేసులో దొరికితే అక్కడ ఆస్తి ఉన్నవాణ్ణి ఎక్కణ్నుంచి తెస్తాడని అడిగారట. మన గురించే రాసినట్టు లేదూ? స్థానిక జామీను పట్టుబట్టొద్దని 2023 జనవరిలో సుప్రీంకోర్టు కూడా సూచించింది. అవి చూపించి పిటిషన్ వేద్దామన్నారాయన.

ఈలోగా ఆ తల్లి చెట్టు కింద కూర్చుని, కొంగులో మూటగట్టిన పాస్‌బుక్కు విప్పి వచ్చినవాళ్లందరికీ చూపిస్తోంది. "మాది భూమి కాదా బాబూ?" అంది. నా నోరు ఊరుకుందా? నేనుంటాలే అమ్మా అనేశాను. మర్నాడు ఇంటి పట్టా, పన్ను రసీదు పట్టుకెళ్లి సంతకం పెట్టాను. బెయిలంటే కేసు కొట్టేసినట్టేనా అని ఆవిడ నన్ను మూడుసార్లు అడిగింది.

వాడిప్పుడు మా పెరటి పాకలోనే పడుకుంటున్నాడు. కాలిపోయిన ఫ్యాను మళ్లీ చుట్టి తిప్పాడని మీ చెల్లి రోజూ కాఫీ ఇస్తోంది. పాపం, ఆవిడకి తెలిసింది అంతవరకే! సాయంత్రమయ్యేసరికి వాళ్లమ్మ చోడి అంబలి క్యాను పట్టుకుని గీత దాటి వస్తుంది. ఆవిడ దాటొచ్చు, వాడు దాటకూడదు. ఆ షరతు సడలించమని సెషన్స్ కోర్టులో అడుగుతున్నాం.

మొదటి ఆదివారం నేనూ వెంట వెళ్లాను. రిజిస్టరంతా ఒడియాలో ఉంది. వాడు అక్షరం తర్వాత అక్షరం పేరుస్తూ పేరు తెలుగులో రాశాడు. కానిస్టేబులు కాసేపు చూసి, పక్కన ఒడియాలో తనే రాసుకున్నాడు. బెయిలు ఆర్డరేమో ఇంగ్లీషు. వాడుక తెలుగు కోసం గిడుగువారు కొట్లాడిన ఊరు బావా ఇది!

టెన్షన్ లేదంటే అబద్ధం. వాడు ఎగ్గొడితే ఆ ఇరవై వేలు నా మెడకే చుట్టుకుంటాయి. రాత్రి కుక్క మొరిగితే చాలు, టార్చి పట్టుకుని పాకలోకి తొంగి చూస్తున్నాను. నిన్న చూసేసరికి వాడు మెలకువగానే ఉన్నాడు. "ఎక్కడికీ పోను బాబూ, మీరు పడుకోండి" అన్నాడు. సిగ్గేసింది.

జవాబు ఆఫీసు అడ్రసుకి రాయి. ఇంటికి మాత్రం రాయకు.

నీ
బావ