కిరణాలకి అడ్డం పెట్టింది మనమే, షెడ్డు జరపడానికి సాయం చెయ్యండి: శివాలయం కమిటీ

ఊళ్ళో ఉన్నవాళ్ళకీ, వైజాగ్, హైదరాబాద్, చెన్నై, గల్ఫ్‌లో ఉన్న మనోళ్ళందరికీ శివాలయం కమిటీ తరఫున నమస్కారాలండి. విషయం కొంచెం ఇబ్బందిగానే ఉంది, అయినా దాచకుండా చెప్తున్నాం. ఆరేళ్ళ కిందట మీ దగ్గర చందాలు తీసుకుని గుడి ముందు రేకుల షెడ్డు వేశాం కదా, దాన్ని అక్కడినుంచి తీసి ఉత్తరం వైపు ఖాళీ జాగాలో పెట్టడానికి ఇప్పుడు మళ్ళీ మిమ్మల్నే డబ్బులు అడుగుతున్నాం.

ఎందుకంటే మార్చిలో స్వామి మీద పడే కిరణాలు ఆ షెడ్డు వేసినప్పటినుంచి పడటం లేదు.

చిన్నప్పుడు చూసినవాళ్ళకి గుర్తుండే ఉంటుంది, తెల్లారకముందే చెరువులో మునిగి తడిబట్టలతో వచ్చి గుడి ముందు కూర్చునేవాళ్ళం, పంతులుగారు గర్భగుడిలో దీపం పక్కకి జరిపి లైట్లు ఆపేసేవారు, చెరువుగట్టు మీద తాడిచెట్లు దాటి సూర్యుడు పైకి రాగానే నంది వీపు మీద, గడప మీద, పానవట్టం మీద, స్వామి విభూతి రేఖల మీద వెలుగు పడేది. మొత్తం కలిపి ఆరేడు నిమిషాలు, అంతే. ఆ ఆరేడు నిమిషాలకి పిల్లలు కూడా కిక్కురుమనేవాళ్ళు కాదు.

ఇది మహిమా సైన్సా అని గ్రూపులో ఒకటే గొడవ పడ్డారు గానీ రెండూ అనుకోండి, పోయేదేముంది. మన గుడి సరిగ్గా తూర్పుకి తిరిగి ఉంది. సూర్యుడు నికరంగా తూర్పున పుట్టేది ఏడాదికి రెండేసార్లు, మార్చి 20, 21 ప్రాంతంలో ఒకసారి, సెప్టెంబర్ 22, 23 ప్రాంతంలో ఒకసారి, మిగతా రోజుల్లో ఉత్తరానికో దక్షిణానికో జరిగి పుడతాడు. సెప్టెంబర్‌లో మనకి ఎలాగూ మబ్బే కాబట్టి మనూళ్ళో ఏడాదికి ఒక్కసారే లెక్క. ఆ రోజుల్లో సూర్యుడు పుట్టే చోటు చాలా జోరుగా జరుగుతుందట, మన గుమ్మం నుంచి లింగం దాకా 40 అడుగులుంటే ఆ దూరంలో వెలుగు రోజుకి మూడంగుళాల పైచిలుకు పక్కకి పోతుంది, అందుకే మూడ్రోజులు దాటితే స్వామి మీద కాకుండా గోడ మీద పడుతుంది. అరసవల్లిలో సూర్యనారాయణస్వామి పాదాల మీద మార్చిలో, మళ్ళీ అక్టోబర్ మొదట్లో పడేదీ ఈ లెక్కనే, కావాలంటే తేదీలు చూడండి, మార్చి 20కి పది పన్నెండు రోజులు ముందు ఒకసారి, సెప్టెంబర్ 22కి దాదాపు అన్నే రోజుల తర్వాత ఇంకోసారి, ఆ రెండుసార్లూ సూర్యుడు పుట్టేది ఒకే చోట. కట్టినోళ్ళు ఎంత లెక్కగా కట్టారో మరి.

షెడ్డు వేసిన మొదటి ఏడాది కిరణాలు పడకపోతే మబ్బనుకున్నాం. రెండో ఏడాది పూజలో ఏదో లోపం అనుకుని శాంతి హోమం చేయించాం (ఆ ఖర్చు కూడా లెక్కల పుస్తకంలో ఉంది, చూసి నవ్వుకోండి). ఆ తర్వాత తాడిచెట్లు పెరిగాయని, కొట్టేయమని కొందరన్నారు, అవి కల్లుగీత వాళ్ళ తిండి అండి, పైగా మన తాతల నుంచీ ఉన్న చెట్లు, నిన్నగాక మొన్న వచ్చిన షెడ్డుని వదిలేసి వాటి మీద పడటం న్యాయం కాదు. పోయిన మార్చిలో హైస్కూల్లో తొమ్మిది చదివే కుర్రాడు లింగం దగ్గర నుంచి తాడిచెట్ల తలలకి సూటి చూసి, అదే వాలులో బయటకి పురికొస లాగి కట్టాడు. అది వెళ్ళి సరిగ్గా షెడ్డు ముందు రేకుకి తగిలింది. కమిటీ పెద్దలం పదకొండు మందిమీ ఆ పురికొస కింద నిలబడి ఒకళ్ళ మొహాలు ఒకళ్ళం చూసుకున్నాం.

ఇలాంటిది మనకొక్కళ్ళకే కాదులెండి, కొల్హాపూర్ మహాలక్ష్మి గుడిలో సాయంత్రం కిరణాల దారికి బిల్డింగులు అడ్డం వస్తున్నాయని అక్కడ కూడా పెద్ద రచ్చే అయ్యింది. మనకి అడ్డం మనదే కాబట్టి కోర్టులూ గట్రా లేవు, ఒక వెల్డర్ చాలు.

ఖర్చు సంగతి. పాత రేకులు, పైపులు మళ్ళీ వాడతాం గానీ కొత్త చోట గుంతలు తీసి కాంక్రీట్ వెయ్యాలి, గుడి ముందు ఎత్తు చేసిన టైల్స్ తవ్వి పాత రాతిబండలు మళ్ళీ పరవాలి, వెల్డింగ్ కూలీ, ట్రాక్టర్ కిరాయి, అన్నీ కలిపి మేస్త్రీ చెప్పింది 3 లక్షల 40 వేలు. పోయిన శివరాత్రికి మిగిలింది, హుండీది కలిపి చేతిలో 85 వేలున్నాయి. మిగతా 2 లక్షల 55 వేలు మీ దయ. 116 అయినా 1,116 అయినా పర్లేదు, డబ్బు ఇవ్వలేనివాళ్ళు సిమెంట్ బస్తా, ఇసుక ట్రిప్పు, కూలీలకి ఒకపూట భోజనం, ఏదైనా సంతోషమే. తవ్వకం పని కుర్రాళ్ళు ఆదివారాలు చేస్తామన్నారు, మాట మీద ఉంటారో లేదో చూడాలి.

కనుమ వెళ్ళిన మర్నాడు మొదలుపెట్టి శివరాత్రి లోపు అయిపోవాలి, ఎందుకంటే జాగారానికి వచ్చేవాళ్ళకి నీడ కావాలి కదా, అందుకే సంక్రాంతికి ఊరొచ్చేలోపు మాట చెప్పేస్తే మాకు కొంచెం ధైర్యంగా ఉంటుంది.

షెడ్డు స్తంభాల మీద పేర్లున్న దాతలందరికీ ఒక్కొక్కరికీ ఫోన్ చేసి అడిగాం, ఒక్కరూ కాదనలేదు. అందరికంటే ఎక్కువ ఇచ్చిన పెద్దాయన మాత్రం "తియ్యండిరా బాబూ, ఈసారైనా నా పేరు తిన్నగా పెట్టండి" అన్నారు, పోయినసారి వెల్డర్ ఆయన స్తంభం తలకిందులుగా నిలబెట్టేశాడు, ఆరేళ్ళుగా ఆయన పేరు తల వంచుకుని చదువుతున్నాం. ఈసారి పేర్లన్నీ ఒకే రాతిపలక మీద చెక్కించి ప్రహరీ గోడకి పెడతాం.

డబ్బులు కమిటీ క్యాషియర్ చేతికే ఇవ్వండి, దూరంగా ఉన్నవాళ్ళు మీ ఇంట్లోవాళ్ళ ద్వారా పంపండి, రసీదు లేకుండా ఎవరికీ రూపాయి ఇవ్వొద్దు. వచ్చిందీ పోయిందీ ప్రతి ఆదివారం గుడి గోడ మీద బోర్డులో రాస్తాం, ఫోటో గ్రూపులో పెడతాం. ఇంకోటి, దాతలకి శుభాకాంక్షలంటూ గుడి ముందు ఫ్లెక్సీలు కట్టకండి దయచేసి, మళ్ళీ పురికొస లాగాల్సొస్తుంది.