వార్షిక నివేదిక: ఈ ఏడాది మినీ మిలీషియా కోసం చేసిన పని

సభ్యులందరికీ నమస్కారం.

మిగతా ఆటల మ్యాచ్‌లు ఎప్పటిలాగే జరిగాయి. ఈ ఏడాది మన సమయం ఎక్కువగా మినీ మిలీషియా అనే ఫోన్ తుపాకుల ఆటకే పోయింది. "సర్వర్లు ఆపేస్తే ఈ ఆటలో ఏం మిగులుతుంది?" అని గత సర్వసభ్య సమావేశంలో ఒక సభ్యుడు అడిగారు. ఆ ప్రశ్నతోనే ఈ పని మొదలైంది.

ఆట పూర్తి పేరు డూడుల్ ఆర్మీ 2: మినీ మిలీషియా. యాప్‌సోమ్నియాక్స్ అనే చిన్న సంస్థ తమ పాత ఆట డూడుల్ ఆర్మీని ఆడినవాళ్ల సూచనలు విని దీన్ని తయారు చేసింది. సోల్డాట్, హేలో అనే తుపాకుల ఆటలు కలిస్తే ఇలా ఉంటుందని వాళ్లే చెప్పుకున్నారు. సోల్డాట్ 2002లో పోలండ్‌లో పుట్టిన కంప్యూటర్ ఆట. పక్క నుంచి కనిపించే మైదానం, జెట్‌తో ఎగిరే సైనికులు అందులోనూ ఉన్నాయి. మినీ మిలీషియా వాటిని రెండు బొటనవేళ్లకు అప్పగించింది. ఎడమ వేలు నడవడానికి, ఎగరడానికి. కుడి వేలు గురిపెట్టి కాల్చడానికి. రాకెట్ బూట్లలో ఇంధనం అయిపోతే కింద పడాల్సిందే. ఎప్పుడు ఎగరాలి, ఎప్పుడు నేల మీద ఆగాలి అన్న ఆ లెక్కలోనే ఆట ప్రాణం ఉందని మా అభిప్రాయం.

సభ్యుడి ప్రశ్నకు జవాబు లోకల్ వైఫైలో దొరికింది. ఆన్‌లైన్‌లో ఆరుగురు ఆడితే, ఒకే వైఫై మీద 12 మంది ఆడొచ్చు. ఒకరు హాట్‌స్పాట్ పెట్టి హోస్ట్ చేస్తే చాలు, బయటి సర్వర్‌తో పని లేదు. అందుకే ఈ ఏడాది నెలవారీ మ్యాచ్‌లన్నీ ఇంటర్నెట్ ఆపేసి ఆడాం. పక్కనే కూర్చున్నవాడు "నన్నెవర్రా చంపింది?" అని అరిస్తే వచ్చే ఆనందం ఆన్‌లైన్‌లో రాదు.

ఇక మోడ్‌ల సంగతి, అంటే ఎవరో మార్చేసి పంచే ఆట కాపీల సంగతి. తరగని బుల్లెట్లు, తగ్గని ఇంధనం చాలామందికి ఈ ఆటను చేదు చేశాయి. ఇంధనం లెక్క పోయాక ఆడటానికి ఏముంటుంది? పైగా ఆన్‌లైన్‌లో స్నైపర్, రాకెట్ లాంచర్, లేజర్ గన్ లాంటివి ప్రో ప్యాక్ కొన్నవాళ్లకు ఇచ్చేవారు. మోడ్‌తో వాటిని తీసుకోవడమంటే తయారు చేసినవాళ్ల కష్టానికి డబ్బు ఎగ్గొట్టడమే. మన మ్యాచ్‌లలో మోడ్‌లు వద్దని తీర్మానించాం. అది నచ్చక కొందరు వెళ్లిపోయారు. బాధగానే ఉంది, కానీ తీర్మానం మార్చం.

ఆట హక్కులు తర్వాత మినీక్లిప్ అనే ఆటల సంస్థకు వెళ్లాయి. సోల్డాట్ సోర్స్ కోడ్‌ను, అంటే ఆట రాసిన అసలు ప్రోగ్రామ్‌ను, 2020లో అందరికీ ఇచ్చేశారు కాబట్టి దాన్ని ఎవరైనా కాపాడుకోవచ్చు. మినీ మిలీషియా కోడ్ మన చేతిలో లేదు. మనం చేయగలిగింది ఆడుతున్నప్పుడు వీడియో తీసి, మ్యాప్‌లలో దారులు, తుపాకుల తీరు రాసిపెట్టడమే. అవుట్‌పోస్ట్ మ్యాప్ పూర్తయింది, మిగతావి వచ్చే ఏడాది చేస్తాం.

జమాఖర్చులు కోశాధికారి దగ్గర చూడవచ్చు. పాత ఆండ్రాయిడ్ ఫోన్లలో ఈ ఆట ఇంకా ఉన్నవాళ్లు దయచేసి దాన్ని తీసేయకుండా కార్యదర్శికి చెప్పండి.