నాటకాల కంపెనీ గురించి అమ్మాయికి

చిరంజీవి అమ్మడుకు నాన్న ఆశీస్సులు.

ఇక్కడ అందరం క్షేమం. పెద్దత్తకు మోకాలి నొప్పి కాస్త నెమ్మదించింది. మీ అమ్మ కడపకు వెళ్ళి ఆమెను చూసి వచ్చింది. అక్కడ రాయచోటి బావ కనబడి, నువ్వు ఉద్యోగం మానేసి నాటక సమాజం పెట్టావనీ, వేషమూ నీదే, మేనేజరువూ నువ్వేననీ చెప్పాడట. బావ మాటల్లో సగం తీసేసి వినాలన్నది మన ఇంట్లో తెలియనిది కాదు కనుక నేను పట్టించుకోలేదు. ఉగాది తరువాత నీ దగ్గరనుంచి ఒక్క ముక్క లేకపోయినా, ఫోను చేస్తే రిహార్సల్లో ఉన్నానని పెట్టేస్తున్నా, దాని గురించి అడగడానికి ఈ ఉత్తరం రాయడం లేదు.

ఈమధ్య వనారస గోవిందరావు గారి గురించి చదువుతున్నాను. మన జిల్లాలోని సురభి గ్రామంలో 1885లో ‘కీచకవధ’ ఆడి సురభి నాటకాలకు శ్రీకారం చుట్టినవారాయన. మహారాష్ట్ర వైపునుంచి వచ్చి తోలుబొమ్మలాటతో బ్రతికిన కుటుంబాలు వారివి. తెర వెనుక కూర్చుని బొమ్మల చేత పలికించిన గొంతులే తెర ముందుకు వచ్చి నిలబడ్డాయన్నమాట. తక్కిన సమాజాలలో మీసాలు గొరిగించుకున్న మగవారే ద్రౌపదులై తిరుగుతున్న కాలంలో ఆ ఇంటి ఆడవారు ఆడవేషాలు కట్టారు. మన తొలి టాకీ ‘భక్త ప్రహ్లాద’లో లీలావతిగా నటించిన కమలాబాయి ఆ సురభి కుటుంబాల ఆడపడుచే. కాబట్టి ఆడపిల్లకు నాటకాలేమిటని అడిగే మనిషిని నేను కాను. అది మీ పెద్దత్త అడుగుతుంది, ఆమెకు నేను సమాధానం చెప్పుకుంటాను.

నన్ను కలవరపెడుతున్నది ఆ రెండో మాట, మేనేజరన్నది. నా చిన్నతనంలో ఒక నాటకాల కంపెనీ వచ్చి చెరువు కింద బీట్లో రేకుల పందిరి వేసింది. ఆడడం మొదలుపెట్టారో లేదో ముసురు పట్టి ఆటలు ఆగిపోయాయి. బియ్యం, కిరసనాయిలు, చింతపండు, అన్నీ మన అంగడినుంచే అరువు వెళ్ళాయి. వాన వెలిసి ఆట మొదలైన రాత్రి మీ జేజినాయన బాకీ అడగడానికి బయలుదేరి, నన్నూ వెంటబెట్టుకుని పోయాడు. సైడు తెర పక్కన రేకు పెట్టె మీద దుర్యోధనుడు కూర్చుని ఉన్నాడు. గద మోకాళ్ళ మధ్య ఇరికించుకుని గేటు వసూళ్ళు లెక్కపెడుతున్నాడు. ముఖానికి పూసిన అర్దళం, అదే వేషానికి పూసే పసుపు రంగు, చెమటకు కరిగి వేళ్ళకంటి, వేళ్ళనుంచి నాణేలకంటి, చిల్లరంతా పచ్చగా ఉంది. ఆ వెనకే ద్రౌపది, ఆయన భార్యే, వేషం తీయకుండానే కొంగు బిగించి సంగటి కెలుకుతోంది. మమ్మల్ని చూసి ఆయన “రెడ్డీ, ఒక్క పద్యం ఓర్చుకో” అని, సంచీ ఒక పిల్లవాడి చేతికిచ్చి లోపలికి వెళ్ళాడు. పద్యం ఎత్తుకున్నాడో లేదో జనం ఈలలు వేశారు, వన్స్‌మోర్ అన్నారు. మళ్ళీ పాడాడు, ఈసారి రాగం ఇంకొంచెం లాగి. తిరిగి వచ్చి “మూడోసారీ అడుగుతారనుకున్నాను, నీ మొహం చూడడం ఇంకాస్త ఆలస్యమయ్యేది” అన్నాడు. జేజినాయన నవ్వలేదు. ఇచ్చిన సగం తీసుకుని ఇంటికి వచ్చాడు. ఆ పచ్చటి నాణేలను మీ జేజి కుంకుడు రసంలో వేసి కడిగింది. మరునాడు ఇంకో బస్తా బియ్యం ఆ పందిరికే వెళ్ళింది, మిగతా సగం వచ్చిందో లేదో మాకెవరికీ చెప్పలేదు.

ఇదంతా ఎందుకు చెప్పానంటే, గోవిందరావు గారికి ఇల్లే కంపెనీ. కొడుకులు, కూతుళ్ళు, అల్లుళ్ళు అంతా కలిసి వేషాలు కట్టేవారు, తెరలు లాగేవారు, ఒక్క పొయ్యి మీద వండుకుని తినేవారు. ఆ కుటుంబాలు శాఖలుగా చీలి ఒక దశలో 30కి పైగా సమాజాలయ్యాయి. సినిమా వచ్చాక వాటిలో ఎన్ని నిలిచాయో నీకు తెలుసు. నీ సమాజంలో ఉన్నవారెవరు? తలా ఒక అద్దె గది, తలా ఒక బ్యాంకు కంతు ఉన్న స్నేహితులు. రేపు హాలు అద్దె మీద పడితే వాళ్ళను తప్పుబట్టలేము, సంతకం పెట్టినదానివి నువ్వు. పి.ఎఫ్. డబ్బు తీశావని కూడా బావ అన్నాడు, అదీ అడగడం లేదు. తీసి ఉంటే మాత్రం సమాజం పేరున వేరే ఖాతా తెరువు, నీ జీతం ఖాతాలో కలపకు, ఎవరికీ పూచీ ఉండకు, అడ్వాన్సు ఇస్తే రసీదు తీసుకో. నటి పద్యం మరిచిపోతే ప్రాంప్టరు అందిస్తాడు. లెక్క మరిచిపోయిన మేనేజరుకు అందించేవారుండరు.

హితబోధ చేయకూడదని మీ అమ్మతో ఒప్పుకుని కూర్చున్నాను, చూడు ఎక్కడికి వచ్చానో. రాగిపిండి, అలసందలు, నిమ్మకాయ ఊరగాయ బస్సు పార్సిలులో వేశాను. గొంతు బొంగురుపోయిందని అమ్మ అంటోంది, కరక్కాయ ముక్క బుగ్గన పెట్టుకో, రాత్రి పూట ఐస్ నీళ్ళు తాగకు. రిహార్సలు ఎంతసేపైనా సంగటి ముద్దో, పెరుగన్నమో కడుపులో వేసుకున్నాకే పడుకో.

ప్రదర్శన తేదీ రాయి. టిక్కెట్లు మూడు కావాలి, పెద్దత్త కూడా వస్తానంటోంది, డబ్బిచ్చే కొంటాం. హాలు అద్దె, లైట్ల అద్దె, మేకప్పు ఖర్చు వేరువేరుగా ఒక కాగితం మీద రాసి ఈ వారంలోనే పంపు, నేను కూడి చూస్తాను.

ఆశీస్సులతో
నాన్న